తవుడుకి కొన్న పిల్ల

సత్యకుమారి స్కూటీ వెనక, ఒళ్ళో ఐస్ డబ్బా పెట్టుకుని, సూర్యకళ బిక్కుబిక్కుమంటూ కూర్చుంది. యానాం దాటాక రొయ్యల చెరువుల మధ్య గట్టు మొన్నటి వానకి కోసుకుపోయింది. కారు ఇక ముందుకి పోదని డ్రైవరు చేతులెత్తేశాడు. అందుకని చినమొగ ఊరి నర్సు సత్యకుమారే ఎదురొచ్చి ఎక్కించుకుంది.

“గట్టిగా పట్టుకోండి మేడమ్. ముందు అన్నీ గోతులేనండి.”

“దేన్ని పట్టుకోమంటారు?”

“నన్నేనండి! ఇంకేం ఉంది ఇక్కడ?”

సూర్యకళ ఆమె భుజం మీద చెయ్యి వేసింది. మళ్ళీ తీసేసి సీటు అంచు పట్టుకుంది. ఒక మనిషి భుజం మీద చెయ్యి వేసి ఎన్నాళ్ళయిందో ఆమెకి గుర్తు లేదు.

ఆమెకి యాభై తొమ్మిదేళ్ళు. సొంతూరు కొవ్వూరు. ముప్ఫై ఏళ్ళ పైనుంచి హైదరాబాద్‌లో ఒక పరిశోధనశాలలో పనిచేస్తోంది. రోగాలతో పోరాడే శక్తి తల్లిదండ్రుల నుంచి పిల్లలకి ఎలా వస్తుంది, ఏ జన్యువు పాడైతే అది రాకుండా పోతుంది అన్నదే ఆమె చదువు, ఉద్యోగం, సంసారం. పెళ్ళి చేసుకోలేదు. చేసుకోకూడదని ఒట్టేమీ పెట్టుకోలేదు. ఈ ప్రయోగం అయ్యాక, ఆ వ్యాసం అచ్చయ్యాక అనుకుంటూ ఉండగా, అడిగేవాళ్ళు అడగడం మానేశారు. ఇంకో ఏడు నెలల్లో రిటైరవుతుంది.

చినమొగలో నాగదుర్గ అనే అమ్మాయికి ఆరు రోజుల కిందట ఆడపిల్ల పుట్టింది. మూడో కాన్పు. మొదటి ఇద్దరు బిడ్డలూ ఏడాది నిండకుండానే పోయారు. నోట్లో పూత, దగ్గు, ఏ మందుకీ లొంగని జ్వరం. రెండోవాడు ఆసుపత్రిలో ఉన్నప్పుడు కాకినాడ పిల్లల డాక్టరు వాడి రక్తం సూర్యకళకి పంపించాడు. ఒంటికి కాపలా కాసే తెల్లకణాలు తయారు కావాలంటే ఒక జన్యువు ఉండాలి. వాడిలో ఆ జన్యువులో ఒకే ఒక్క అక్షరం తప్పు. తల్లిలో ఒక తప్పు ప్రతి, తండ్రిలో ఒక తప్పు ప్రతి ఉన్నాయి. వాళ్ళకి రెండో ప్రతి మంచిది కనుక ఏమీ కాలేదు. రెండు తప్పు ప్రతులూ ఒకే బిడ్డకి వస్తే ఆ బిడ్డ ఒంట్లో కాపలా ఉండదు. ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు అలా రావచ్చు.

ఈ పిల్లకి ఏం వచ్చిందో బుధవారం లోపల తెలియాలి. బుధవారం టీకాల రోజు. బరువు తక్కువుందని ఆసుపత్రిలో క్షయ టీకా వెయ్యకుండా పంపించారు. ఆ టీకాలో ఉండేవి బతికున్న క్రిములే, బలం తీసేసినవి. మామూలు పిల్లలకి అవి రక్ష. కాపలా లేని పిల్లకి అవే ప్రాణం మీదికి తెస్తాయి. ముందే తెలిస్తే టీకా ఆపి, పిల్లని ఎముక మూలుగ మార్పిడికి పంపించవచ్చు.

ఈ పనికి శిష్యులెవరినైనా పంపితే సరిపోయేది. ఊరి పేరు చూసి సూర్యకళ తనే బయల్దేరింది.

ముప్ఫై ఒక్కేళ్ళ కిందట పీహెచ్‌డీ కోసం ఆమె మొట్టమొదట రక్తం సేకరించిన ఊరు చినమొగే. ఇల్లిల్లూ తిరిగి నూట పన్నెండు మంది దగ్గర తీసుకుంది. ఎవరి పిల్లలెవరో అడిగి నోటుబుక్కులో రాసుకుంది. తీరా ల్యాబుకి వెళ్ళి చూస్తే పదకొండు మంది పిల్లల రక్తం వాళ్ళ తల్లిదండ్రులతో కలవలేదు. “సీసాల మీద పేర్లు తారుమారు చేసుంటావు, అవి తీసెయ్యి” అన్నాడు గైడు. తీసేసింది. మిగిలిన నూటొక్క మందితో థీసిస్ పూర్తయింది, మంచి పేరూ వచ్చింది.

ఆ పదకొండు తప్పులు మాత్రం ఆమెని వదల్లేదు. అప్పటినుంచి ప్రతి సీసా మీదా పేరు రెండు చోట్ల రాస్తుంది, మూడుసార్లు చూస్తుంది. తన నమూనాల మీద ఎవరినీ చెయ్యి వెయ్యనివ్వదు. ఒక శిష్యురాలు ఒకే ఒక లేబుల్ తప్పు అంటించిందని అందరి ముందూ కడిగేసింది. ఆ పిల్ల నెల తిరక్కుండా వేరే ల్యాబుకి వెళ్ళిపోయింది. తర్వాత తర్వాత సూర్యకళ క్యాంటీన్‌లోకి వస్తే కుర్రవాళ్ళు మాటలు ఆపేసేవారు. వాళ్ళ మాటలు ఆపడం ఇష్టంలేక ఆమె క్యారియరు తెచ్చుకుని తన గదిలోనే తినడం మొదలుపెట్టింది. అలా పద్దెనిమిదేళ్ళయింది.

నాగదుర్గ పుట్టిల్లు ఏటి ఒడ్డున ఉంది. తల్లి చేపల బుట్టతో యానాం బజారుకి వెళ్ళింది. మొగుడు చేపల వేటలో ఉన్నాడు. వసారాలో మంచం మీద కూర్చుని నాగదుర్గ పిల్లకి పాలిస్తోంది. ఇరవై నాలుగేళ్ళుంటాయేమో. కళ్ళు మాత్రం పెద్దావిడ కళ్ళలా ఉన్నాయి.

సూర్యకళ పక్కన స్టూలు మీద కూర్చుని అంతా చెప్పింది. మడమ మీద చిన్న పోటు, ఈ అట్ట మీద నాలుగు రక్తం చుక్కలు, అంతే. ఆదివారానికి తెలిసిపోతుంది. అంతవరకూ టీకా వద్దు.

“టీకా ఆపడం నాకూ కష్టమేనండి” అంది సత్యకుమారి. “ట్యాబ్‌లో ఎర్రగా చూపించేస్తది. పైనుంచి ఫోన్లు. అయినా మేడమ్ గారు కాగితం రాసిస్తే ఆపుతానే దుర్గా.”

నాగదుర్గ అన్నీ విని, “పిల్ల నాది కాదండి. నేనివ్వకూడదు” అంది.

సూర్యకళ అట్టని ఒళ్ళో పెట్టుకుంది. పిల్ల గుటకలు వేస్తూ పాలు తాగుతోంది.

“మరి ఎవరి పిల్లమ్మా?”

“పక్కింటి పెద్దింట్లమ్మ మామ్మదండి.”

“ఆసుపత్రి కాగితంలో నీ పేరే ఉందే!”

“కాగితంలో ఉంటదండి” అని నాగదుర్గ తల తిప్పేసుకుంది.

సత్యకుమారి సూర్యకళ మోచెయ్యి పట్టుకుని గోడ పక్కకి తీసుకెళ్ళి గొంతు తగ్గించింది. “ఇద్దరు పోయాక పుట్టిన పిల్ల కదండీ. మూడో రోజునే అమ్మేశారు.”

“అమ్మేశారా!”

“అయ్యో, అలా కాదండి మేడమ్! చేటలో తవుడు పోసి పిల్లని పడుకోబెట్టి గడప బయట పెడతారు. కన్నపిల్లలందరూ బతికున్న ఆవిడ ఒకావిడ వచ్చి, గుప్పెడు తవుడిచ్చి కొనుక్కుంటది. ఆ రోజు నుంచీ పిల్ల ఆవిడదే. పాలిచ్చేది, పెంచేది కన్నతల్లే. కానీ ఎవరడిగినా నాది అనకూడదండి. అంటే ముందు పిల్లల్ని పట్టుకుపోయిన చావుకి తెలిసిపోద్దంట, ఇదీ ఆ ఇంటి పిల్లేనని. మా ఊళ్ళో తవిటయ్యలు, తవిటమ్మలు అందరూ అలా వచ్చినోళ్ళే. ఇప్పుడు ఆధార్‌లో మంచి పేర్లే రాయిస్తన్నారు గానీ, ఇంట్లో మాత్రం తవుడు అనే పిలుస్తారు.”

“ఎవరడిగినా అనకూడదా?”

“ఆయ్, ఎవరడిగినానండి. గవర్నమెంటోళ్ళయినా, డాక్టర్లయినా.”

సూర్యకళ గోడకి చెయ్యి ఆనించింది. ఏదో లెక్క ఆమె తలలో గిర్రున తిరిగి ఆగబోతోంది. ఆగనివ్వడానికి భయం వేసింది.

పెద్దింట్లమ్మ తన వాకిట్లో చాప మీద ఎండుచేపలు తిరగేస్తోంది. డెబ్భై దాటిన మనిషి, వంగిన నడుం, చూపు మాత్రం కత్తిలా ఉంది. సూర్యకళని ఎగాదిగా చూసి చేతిలో చేప కింద పెట్టింది.

“ఓసోసి! రక్తాలమ్మాయివి కదూ నువ్వు!”

“గుర్తుపట్టేశారా?”

“పట్టకేం? జుట్టు నెరిసింది గానీ మొహం అదే. అప్పుడూ ఇలాగే ఉండేదానివి, ఏదో పారేసుకుని ఎతుక్కుంటన్నట్టు. ఈ చేతిలోంచి ఇంత పట్టుకెళ్ళేవు. నీ రక్తంలో ఏముందో కాగితం మీద రాసి పంపిస్తానక్కా అన్నావు. పోస్టుమేన్ని అడిగి అడిగి, ఆడు రిటైరైపోయేడు.”

“మామ్మగారూ, ఆ గొడవ తర్వాత” అంది సత్యకుమారి. “ఇప్పుడు పిల్ల రక్తం నాలుగు చుక్కలు కావాలంటండి. మీరు ఒప్పుకోవాలంట.”

“ఒప్పుకోను. పట్టుకెళ్ళినోళ్ళు మళ్ళీ రారు. ఈవిడ వచ్చేసరికి ఈ పిల్లకి పిల్లలు పుడతారు.” మళ్ళీ చేపల మీదికి వంగింది.

సూర్యకళకి బతిమాలడం రాదు. నేల మీదే, చాప అంచున కూర్చుంది.

“మీకు తొమ్మిది మంది పిల్లలని రాసుకున్నానండి అప్పుడు.”

“నాకు ఐదుగురు. నలుగురు కొన్నోళ్ళు.”

“నాకలా చెప్పలేదు మీరు.”

“ఎలా చెప్తాను? ఈ పిల్ల ఎవరి పిల్ల అని ఆ పిల్ల ఎదురుగానే అడిగేవు. నాదే అన్నాను. నాదే మరి!” పెద్దింట్లమ్మ వేలు చూపించింది. “అయినా వయసులు రాసుకున్నావు కదమ్మా బుక్కులో? మా రెండోవాడికీ తవిటమ్మకీ ఐదు నెలలు తేడా. ఐదు నెలల తేడాలో ఇద్దర్ని ఎవతైనా కంటదా? అంత చదువుకున్నదానివి, అడగలేకపోయేవా?”

సత్యకుమారి నవ్వాపుకోలేక కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

సూర్యకళకి నవ్వు రాలేదు. ఆ రోజు ఆ అనుమానం ఆమెకి వచ్చింది. పెద్దావిడని అలాంటి మాట ఎలా అడగడమని సిగ్గుపడి ఊరుకుంది. ఆ ఒక్క నిమిషం సిగ్గు ఇప్పుడు బాగా గుర్తొచ్చింది. పెన్ను ఆగింది, చెవులు వేడెక్కాయి, తర్వాత పేజీ తిప్పేసింది.

“కొందరి పేర్లు చెప్తానండి” అంది. “తవిటమ్మ.”

“కొన్నది. ఈ దుర్గ తల్లే.”

“పెంటయ్య.”

“కొన్నోడు. పెంట మీద పడుకోబెట్టి కొన్నారు ఆణ్ణి.”

“పడవ నడిపే తవిటయ్య. బడి దగ్గర తవిటయ్య. పెంటమ్మ...”

కాగితం చూడకుండానే పదకొండు పేర్లూ చెప్పింది. ఒక్కో పేరుకీ పెద్దింట్లమ్మ తల ఊపుతూ పోయింది. పదకొండు మందీ కొన్నవాళ్ళే. సీసాల మీద పేర్లు ఏవీ తారుమారు కాలేదు. తను ఏ తప్పూ అంటించలేదు.

ఇలాంటి మాట వింటే గుండె తేలికవుతుందని ఎవరైనా అనుకుంటారు. సూర్యకళకి ముందు ఆ శిష్యురాలు కళ్ళలో మెదిలింది, లేబుల్ చేతిలో పట్టుకుని ఏడుస్తూ. తర్వాత మిగతాది మెల్లగా అర్థమైంది. పిల్లలు పోయిన ఇళ్ళలో తర్వాత పుట్టినవాళ్ళనే అమ్ముతారు. అంటే ఆ జబ్బు దాగున్న రక్తం ఏదైనా ఉంటే, అది ఆ పదకొండు సీసాల్లోనే ఎక్కువ ఉంటుంది. ఆమె పక్కకి తీసేసింది సరిగ్గా వాటినే. అప్పట్లో ఈ జబ్బు సంగతి ఎవరికీ సరిగా తెలియదు. తర్వాత కొన్నేళ్ళకే తెలిసింది. తెలిశాక ఒక్కసారైనా ఆ సీసాలు తీసి చూసుంటే, ఈ ఊరు వచ్చి ఒక్క ప్రశ్న అడిగుంటే, నాగదుర్గ మొదటి బిడ్డ పుట్టకముందే ఎవరో ఒకరు చెప్పి ఉండేవారు.

“అక్కా” అంది. ముప్ఫై ఒక్కేళ్ళ తర్వాత ఆ పిలుపు తనంతట తనే వచ్చింది. “ఆ పదకొండు మంది రక్తం నేను చెయ్యి తప్పానేమో అనుకుని పక్కన పడేశాను. మిమ్మల్ని ఒక్క మాట అడగలేదు. అడగడానికి సిగ్గేసింది. తర్వాత రావడానికి సిగ్గేసింది. వచ్చుంటే దుర్గ పిల్లల్లో ఒక్కరైనా...”

పెద్దింట్లమ్మ మళ్ళీ చాప మీదికి వంగింది. చేపలు ఒక్కొక్కటే తిరగేసింది.

“నాదేమైంది? నా రక్తం?”

“మీలో ఈ జబ్బు లేదండి. బయల్దేరే ముందే చూసి వచ్చాను.”

పెద్దింట్లమ్మ తన అరచెయ్యి తనే తిప్పి చూసుకుని, మోకాళ్ళ మీద చేతులు ఆనించి లేచింది. “పద. నా పిల్ల, నేనే పట్టుకుంటాను. ఆదివారం కబురు రావాలి. నువ్వే చెప్పాలి, ఎవరి చేతా చెప్పించకూడదు.”

పిల్లని ఆమె ఒళ్ళోకి తీసుకుంది. సూర్యకళ మడమ తుడిచి సూది గుచ్చింది. పిల్ల కేరుమంది. నాగదుర్గ ఏటి వైపు చూస్తూ కూర్చుంది, ఎవరి పిల్లో ఏడుస్తున్నట్టు. ఆమె జాకెట్టు ముందు భాగం మాత్రం పాలతో తడిసిపోయింది.

అట్ట మీద తల్లి పేరు రాయాల్సిన చోట సూర్యకళ పెన్ను ఆగింది.

“ఎవరి పేరు రాస్తన్నావు?” అంది పెద్దింట్లమ్మ.

“రెండూనండి. కొన్నవాళ్ళది, కన్నవాళ్ళది.”

“రెండోది చిన్న అక్షరాల్తో రాయి.”

ఆదివారం పరిశోధనశాలలో ఎవరూ ఉండరు. సూర్యకళకి ఆదివారాలు అలవాటే. ఫ్రీజరు అడుగు అరలోంచి, పారెయ్యడానికి చేతులు రాక దాచుకున్న పదకొండు సీసాలూ తీసింది. పిల్ల రక్తంతో పాటు వాటినీ పరీక్షకి పెట్టింది. మధ్యాహ్నానికి గీతలు తెర మీదికి వచ్చాయి. పిల్లది ముందు చూసింది. ఒక ప్రతి తప్పు, ఒక ప్రతి మంచిది. తల్లిలాగే. పేరు చూసింది, నంబరు చూసింది, మళ్ళీ గీత చూసింది. మూడోసారి కూడా అదే.

పదకొండు పాత సీసాల్లో ఏడింటిలో ఆ తప్పు ఉంది.

ఆ ఏడు పేర్లూ కాగితం మీద రాసి పక్కన పెట్టి, నాగదుర్గకి ఫోన్ చేసింది. ఎత్తింది పెద్దింట్లమ్మ.

“అక్కా, నేను సూర్యకళని. పిల్ల—”

“ఆగాగు! వాకిట్లో ఉన్నాం. ఇదేమో అందరికీ వినపడే ఫోను. అలా అరిచేస్తావేంటమ్మా? గాలికి చెవులుండవా?”

“మరెలా చెప్పాలండి?”

“కబురు చెడ్డదైతే నెమ్మదిగా చెప్పు, నా చెవిలో పెట్టుకుంటాను. మంచిదైతే తిట్టు.”

“తిట్టాలా?”

“తిట్టు. గట్టిగా, అందరికీ వినపడేలా.”

సూర్యకళ కుర్చీలోంచి లేచి నిలబడింది. వచ్చిన ఫలితాన్ని వచ్చినట్టు తప్ప ఆమె ఎన్నడూ రాయలేదు, చెప్పలేదు. గొంతు సవరించుకుంది.

“ఈ పిల్ల... ఈ పిల్ల ఎందుకూ పనికిరాదండి!”

“ఊఁ.”

“ఒట్టి తవుడండి! మీరిచ్చిన గుప్పెడు తవుడూ దండగ!”

“ఇంకా!”

“ముక్కూ లేదు, మొహమూ లేదు! దీన్ని ఎవరూ కన్నెత్తి చూడరు! రోగాలు కూడా చూడవు!”

 అటువైపు నాగదుర్గ వెక్కి వెక్కి ఏడవడం వినపడింది, ఆ ఏడుపు మీదనుంచి నలుగురైదుగురు ఆడవాళ్ళ నవ్వులు. “డాక్టరమ్మ గారు బాగా తిడతన్నారే!” అని ఎవరో అన్నారు. ఎవరో పళ్ళెం మీద గరిటెతో కొట్టారు.

“సరేనమ్మా, ఉంటాను” అంది పెద్దింట్లమ్మ. “ఈ పనికిమాలినదానికి నీళ్ళు పొయ్యాలి.”

ఫోన్ ఆగిపోయింది.

సూర్యకళ సత్యకుమారికి మెసేజ్ పెట్టింది, బుధవారం టీకా వెయ్యవచ్చని. ఏడుగురి పేర్లు కూడా పెట్టి, వాళ్ళ పిల్లలెవరో, ఎవరికి పెళ్ళిళ్ళు కుదురుతున్నాయో కనుక్కోమని, వచ్చే శుక్రవారం తను వస్తానని రాసింది. కాకినాడ డాక్టరుకి ఫోన్ చేసింది. ఎత్తలేదు. ఆదివారం కదా, భోజనాల వేళ. ఇంకెవరికి చెప్పాలా అని ఫోన్‌లో పేర్లు పైనుంచి కిందికి జరిపింది. కంపెనీలవాళ్ళు, ఆఫీసువాళ్ళు, చనిపోయిన అమ్మ నంబరు. ఆ శిష్యురాలి పేరు దగ్గర వేలు ఆగింది. ఆ నంబరు పాతది, పనిచేస్తుందో లేదో.

ఫోన్ బల్ల మీద పెట్టేసింది. గదిలో ఫ్రీజర్ల హోరు తప్ప ఏమీ లేదు. ఒక్కసారైనా ఆ మాట ఉన్నదున్నట్టు తన నోటితో వినాలనిపించింది.

“పిల్ల బా...” అని ఆగిపోయింది. వెనక్కి తిరిగి తలుపు వైపు చూసింది. ఎవరూ లేరు. అయినా మిగతా మాట పైకి అనలేదు.